దాచిన తేదీ

మౌలాలి గుట్ట కింది బస్తీలో నర్సు జ్ఞానమణి గర్భిణులను నేరుగా తేదీ అడిగేది కాదు. ఇరవై రెండేళ్ల ఉద్యోగంలో ఆమె గమనించినదేమంటే, మన ఆడవాళ్లు తేదీలను పండుగల పక్కన పెట్టుకొని గుర్తుంచుకుంటారు. "ఆఖరుసారి నెల ఎప్పుడొచ్చింది?" అంటే పైకప్పు వైపు చూసేవాళ్లే, "రాఖీ పున్నానికి ముందా, తర్వాతనా?" అంటే ఠక్కున చెప్పేవారు. ఆ పండుగను బట్టి తేదీ పట్టుకొని, దానికి తొమ్మిది నెలల ఏడు రోజులు వేళ్ల మీద కలిపి, ప్రసవం కావలసిన రోజును కార్డు మీద రాసేది. పండుగను పట్టుకొని అడిగే ఆ పద్ధతి ఆమెకు ఎవరో నేర్పింది కాదు. అందుకే దాని మీద ఆమెకు కొంచెం గర్వం.

సెప్టెంబరు నడిమిలో ఒక ఉదయం శారదమ్మ తన కోడలు సృజనను దవాఖానాకు తీసుకువచ్చింది. శారదమ్మ భర్త పేరు బ్రహ్మచారి, వడ్రంగి పని. కొడుకు లక్ష్మణ్‌కు రైల్వేలో ఉద్యోగం. కోడలు వచ్చి ఏడాదిన్నర.

"లష్కర్ బోనాలప్పుడు నెల వచ్చిందా తల్లీ?" అని అడిగింది జ్ఞానమణి.

సృజన నోరు విప్పేలోపే శారదమ్మ అందుకుంది. "బోనాలప్పుడెట్ల వస్తది సిస్టరమ్మా? బోనం ఎత్తిందే ఈమె. మొదటి బోనం. గుడి దాక ఒక్క తాన దించలే. అమ్మవారు ఆ నెలనే ఒడి నింపింది. దానికి ముందు నెల, జూన్ ఇరవై రెండు. నాకు మంచిగ యాదున్నది. మూడు దినాలు వంటంత నేనే చేసిన, నడుం పట్టుకుపోయింది."

"కోడలి లెక్క నీకు తెల్సినట్టు ఎవరికి తెలుస్తది శారదక్కా" అని నవ్వి, జ్ఞానమణి కార్డు మీద జూన్ ఇరవై రెండు అని రాసింది. వేళ్లు మడిచి మార్చి ఇరవై తొమ్మిది అని ప్రసవం తేదీ వేసింది.

ఇలాంటి దృశ్యం మీరూ చూసే ఉంటారు. చూడడానికి ఇందులో చెడు ఏమీ లేదు. అత్తకు కోడలంటే ప్రేమ ఉంది. నర్సుకు పని మీద శ్రద్ధ ఉంది. అయితే ఆ గదిలో ఉన్న ముగ్గురిలో నిజం తెలిసినది ఒక్కరికే. ఆ ఒక్కరి నోటి నుంచి మాత్రం ఒక్క మాట రాలేదు.

జరిగిందేమిటంటే, బోనాల ముందురోజు, జూలై ఇరవై శనివారం తెల్లవారుజామున, సృజనకు నెల వచ్చింది. అప్పటికే ఇంటి నిండా చుట్టాలు. అమ్మవారి బోనం కోసం కొత్త కుండకు సున్నం పూసి, పసుపు కుంకుమ బొట్లు పెట్టి ఉంచారు. అంతకు మూడు నెలల ముందు ఒక సత్యనారాయణ వ్రతం నాడు నెల వస్తే ఆమె నిజం చెప్పింది. వెనక గదిలో చాప మీద కూర్చోబెట్టారు. తలుపు దగ్గర నిలబడి శారదమ్మ అక్క, "మంచి దినం జూసి పెట్టుకుంటది" అన్నది. అందరూ నవ్వారు. ఎవరూ తిట్టలేదు. కానీ ఆ నవ్వు సృజనకు తిట్టు కన్నా ఎక్కువ కాలం గుర్తుండిపోయింది. అందుకే ఈసారి ఆమె ఎవరికీ చెప్పలేదు. తలస్నానం చేసి, పట్టుచీర కట్టుకొని, ఆదివారం బోనం ఎత్తుకుంది.

అబద్ధం చెప్పిన మనిషి దాన్ని ఎప్పుడో ఒకప్పుడు మరిచిపోవచ్చు. నిజం దాచిన మనిషికి ఆ వెసులుబాటు లేదు. ఎందుకంటే దాచిన దానికి రోజూ కాపలా కాయాలి. జూలైలో కోడలు దూరం కూర్చోలేదని శారదమ్మ అప్పుడే ఆశపడింది. ఆగస్టులో నిజంగానే నెల తప్పింది. అత్త రెండు నెలలు కలిపి లెక్కపెట్టుకొని, అల్వాల్‌లోని అక్కకు ఫోన్ చేసి, "కడుపుల బిడ్డతోనే బోనం మోసింది నా కోడలు" అని మురిసిపోయింది. ఆ మురిపెం ముందు నిజం చెప్పడం సృజనకు మరింత కష్టమైంది.

మూడో నెలలో తీయించమని జ్ఞానమణి రాసిచ్చిన స్కానింగ్ చీటీని సృజన చీరల కింద పెట్టింది. మిషన్ రోజులు లెక్కచెబుతుందని ఎక్కడో విన్నది. "గప్పుడే మిషిన్లు ఎందుకు, దిష్టి" అని అత్త కూడా అనడంతో ఆమెకు పని సులువైంది. ఏడో నెలలో జ్ఞానమణి కోప్పడితే తప్ప తిరుమలగిరిలోని నర్సింగ్ హోముకు వెళ్లలేదు.

అక్కడి డాక్టర్ ఝాన్సీలక్ష్మి రిపోర్టును రెండుసార్లు చూసింది. "కార్డు ప్రకారం ఇరవై ఎనిమిది వారాలు. బిడ్డ సైజు ఇరవై నాలుగుకే ఉందండీ. తేదీ కచ్చితమేనా అమ్మా?"

సృజన అత్త వైపు చూసి తల ఊపింది.

"పక్కా మేడం" అన్నది శారదమ్మ.

మూడు వారాల తరువాత మళ్లీ స్కాన్ తీశారు. మళ్లీ నాలుగు వారాలు తక్కువే. డాక్టర్ మళ్లీ అదే ప్రశ్న అడిగింది. మళ్లీ అదే జవాబు వచ్చింది. తన ముందున్న తేదీని నమ్మే డాక్టర్ ఏం చేయాలో ఆమె అదే చేసింది. "లోపల సరిగ్గా ఎదగనప్పుడు బయటికి తీసి పెంచుకోవడమే మంచిది. ముప్పై ఏడు వారాలు నిండగానే, మార్చి ఎనిమిది శనివారం, ఆపరేషన్ చేసేద్దాం" అన్నది.

ఇంట్లో అందరి కళ్లూ సృజన కంచం మీద పడ్డాయి. ఖర్జూరాలు, పల్లీ పట్టీలు, పొద్దున రెండు గుడ్లు, సాయంత్రం రెండు గుడ్లు.

"ఏం పెట్టినా పిల్లకు పోతలేదు, అంత నీ బుగ్గలకే పోతున్నది" అనేది శారదమ్మ, సగం వేళాకోళంగా, సగం భయంగా.

"పరేషాన్ చెయ్యకమ్మా ఆమెను" అనేవాడు లక్ష్మణ్.

"నేను చేస్తున్ననా పరేషాన్? తినుమంటే సుత తప్పేనా?"

సృజన పెట్టినదంతా తినేది. ఆమె భయం తిండి గురించి కాదు. అపరాధం మనసులో చేరితే, బయట జరిగే ప్రతిదీ దానికి సాక్ష్యంగానే కనిపిస్తుంది. బిడ్డ ఎదగడం లేదన్న మాట ఆమెకు రోగ నిర్ధారణలా వినిపించలేదు. తీర్పులా వినిపించింది.

మార్చి నాలుగు, మంగళవారం. ఆపరేషన్‌కు ఇంకా నాలుగు రోజులున్నాయి. జ్ఞానమణి ఇంటికి వచ్చింది. వరండాలో బ్రహ్మచారి ఒక తలుపు చెక్కను రందా పట్టి నున్నగా చేస్తున్నాడు. లోపల మంచం మీద సృజనను పడుకోబెట్టి, జ్ఞానమణి పొట్ట మీద టేపు పెట్టి కొలిచింది. ముప్పై రెండు సెంటీమీటర్లు. బిడ్డ గుండె చప్పుడు గట్టిగా, క్రమంగా వినిపిస్తోంది. ఆమె చెయ్యి కిందే ఒక కాలు బలంగా తన్నింది.

ఆమె స్కాన్ రిపోర్టులు రెండూ పక్కపక్కన పెట్టుకొని చాలాసేపు చూసింది. రెండింటికీ మధ్య మూడు వారాలు. ఆ మూడు వారాల్లో బిడ్డ సరిగ్గా మూడు వారాల ఎదుగుదలే ఎదిగింది. బలం లేని బిడ్డ అయితే రోజురోజుకూ ఇంకా వెనకబడాలి. ఈ బిడ్డ వెనకబడలేదు. ఆ నాలుగు వారాల దూరం పెరగలేదు, తరగలేదు. అంటే తప్పు బిడ్డలో లేదు, లెక్క మొదలుపెట్టిన తేదీలో ఉంది. ఆ తేదీ చెప్పింది ఎవరు? కార్డు రాసిన ఉదయం ఆమెకు గుర్తుకు వచ్చింది.

"శారదక్కా, జెర చాయ్ పెడ్తవా? అల్లం మంచిగ దంచి వెయ్యి."

శారదమ్మ వంటింట్లోకి వెళ్లాక జ్ఞానమణి మంచం అంచున కూర్చున్నది. "పండుగ సంగతి అడగ బిడ్డా. నిన్నే అడుగుతున్న. నెల ఎప్పుడొచ్చింది?"

సృజన గోడ వైపు తిరిగింది. "చెప్తే ఏమైతది సిస్టర్. శనివారం ఎట్లైన కోస్తరు గద. కోయనియ్యండి. అమ్మవారికి నా తప్పు తెల్సు. అందుకే బిడ్డను పెరగనిస్తలేదు."

ఆ తరువాత ఒక్కొక్క మాటే బయటికి వచ్చింది. శనివారం, చాప, నవ్వు, పట్టుచీర, బోనం. జ్ఞానమణి టేపు చుట్టి పక్కన పెట్టింది.

"మీ అమ్మవారి సంగతి నాకు తెల్వదు" అన్నది చివరికి. "నేను చర్చికి పోయేదాన్ని. కాని లెక్క తెల్సు. నీ బిడ్డ మంచిగ పెరుగుతున్నది. నెల దినాలు ముందుకు లెక్కపెట్టినం, గంతే. శనివారం కోస్తే ముప్పై మూడు వారాల పిల్లను తీసినట్టు. ఊపిరితిత్తులు సుత ఇంక గట్టిపడి ఉండవు." కార్డు మీద తన చేతిరాత వైపు చూసింది. "తప్పు నాది సుత ఉన్నది. నీ నెల గురించి మీ అత్తమ్మ చెప్తుంటే రాసుకున్న. ఏ పండుగను పట్టుకొని అడుగుతనో, ఆ పండుగకే మీరు భయపడ్తరని ఇన్నేండ్లల్ల నాకు తోచలే."

సృజన లేచి కూర్చుంది. చాలా నెలల తరువాత ఆమె తన పొట్టను రెండు చేతులతో పట్టుకుంది.

"డాక్టరమ్మకు నేను ఫోన్ చేసి చెప్త. మీ అత్తమ్మకు తెల్వనియ్య" అన్నది జ్ఞానమణి.

సృజన తల అడ్డంగా ఊపింది. "వద్దు సిస్టర్. దాచిందానికే గద ఇంత దూరం వచ్చింది. నేనే చెప్త."

శారదమ్మ చాయ్ గ్లాసులతో వచ్చింది. సృజన తల దించుకోకుండా చెప్పింది. మొత్తం నాలుగు వాక్యాలు. వరండాలో రందా చప్పుడు ఆగిపోయింది.

"నాకు చెప్తే నేనేం జేద్దునని అనుకున్నవే?" అన్నది శారదమ్మ.

"వెనక అర్రల కూసోమందురు అత్తమ్మా. అందరి ముందల."

శారదమ్మ కాదనలేకపోయింది. కోపం వచ్చింది, నిజమే. కానీ ఆ కోపం ఎవరి మీదో ఆమెకు వెంటనే తేలలేదు. అక్కకు చెప్పుకున్న గొప్ప, ఇన్ని నెలలుగా వాడవాడలో చెప్పుకున్న గొప్ప, అన్నీ ఒక్కసారి ఆమె ముందు నిలబడ్డాయి.

తలుపు దగ్గరకు వచ్చిన బ్రహ్మచారి మెల్లగా అన్నాడు. "ఆడోళ్ల ముచ్చట్ల నేను మాట్లాడ. గని కొలత తప్పుడుదని తెలిసినంక సుత రంపం పెడ్తరా ఎవరన్న?"

శారదమ్మ గ్లాసులు కింద పెట్టి, కోడలి పక్కన కూర్చుంది. ఎవరితోనో వాదిస్తున్నట్టుగా మాట్లాడింది. "శనివారం నెల వచ్చింది. ఆదివారం బోనం ఎత్తింది. కడుపు నిలిచింది దాని తర్వాతనే. అమ్మవారికి కోపమే వస్తే ఒడి నింపుతదా? ఆమెకు లేని పట్టింపు నాకెందుకున్నది?"



మరునాడు నర్సింగ్ హోములో డాక్టర్ కార్డు చేతిలోకి తీసుకోగానే శారదమ్మ కుర్చీలోంచి లేచింది. "మేడం, నేను బయట కూసుంట. తేదీ ఆమెది. ఆమెనే చెప్తది" అని తలుపు దగ్గరగా వేసి వెళ్లింది. నడుం నిటారుగా పెట్టుకొని బల్ల మీద కూర్చున్నది.

లోపల సృజన చెప్పింది. డాక్టర్ రిపోర్టులు మళ్లీ తిప్పి చూసి, "రెండు స్కాన్లకూ ఇప్పుడు లెక్క కుదిరింది. ఇదేనమ్మా నేను రెండుసార్లూ అడిగింది" అన్నది. మళ్లీ ఒకసారి స్కాన్ తీసి, బిడ్డకు రక్తప్రసరణ బాగుందని చూసుకున్నాక, శనివారం ఆపరేషన్ కొట్టేసింది. కార్డు మీద పాత తేదీ పక్కన ఏప్రిల్ ఇరవై ఏడు అని రాసింది.

జ్ఞానమణి కూడా తన పద్ధతి మార్చుకుంది. ఇప్పుడు ఆమె కార్డు రాసేటప్పుడు వెంట వచ్చిన వాళ్లను, అత్తనైనా అమ్మనైనా భర్తనైనా, పది నిమిషాలు బయట కూర్చోబెడుతుంది. మొదట్లో కొందరు మూతి ముడుచుకున్నారు. ఆమె లెక్కచేయలేదు.

ఏప్రిల్ ఇరవై ఐదున, శుక్రవారం మధ్యాహ్నం, సృజనకు మామూలు కాన్పులో ఆడపిల్ల పుట్టింది. రెండు కిలోల తొమ్మిది వందల గ్రాములు. చూడడానికి అల్వాల్ నుంచి వచ్చిన శారదమ్మ అక్క, పిల్లను అటూ ఇటూ తిప్పి చూసి, గొంతు తగ్గించి అడిగింది. "మార్చిల అన్నవ్ గదనే? నెల ఎట్ల దాటింది? ఏమన్న తిరకాసా?"

వార్డులో ఆరు మంచాలున్నాయి. శారదమ్మ గొంతు తగ్గించలేదు.

"తిరకాసేం లేదక్కా. బోనాల ముందు దినం నా కోడలికి నెల వచ్చింది. మనం నవ్వుతమని దాచుకున్నది. ఆ దాచిన తేదీతోని పిల్ల పానం మీదికొచ్చింది. ధైర్యం జేసి ఆమెనే చెప్పింది, పిల్ల నిండు నెలలు నిండి పుట్టింది. గంత ధైర్యం మన ఇద్దరికి ఎన్నడన్న ఉండెనా?"

పక్క మంచం మీది చిన్న వయసు బాలింత తలెత్తి వాళ్ల వైపు చూసింది. శారదమ్మ మనుమరాలిని చేతుల్లోకి తీసుకొని, ఆ బాలింతకు కూడా వినపడేలా అన్నది.

"కోడలు తన నెల సంగతి భయపడకుండ చెప్పుకునే ఇంట్లనే, మనుమరాలు ఎప్పుడొస్తదో సక్కగ తెలుస్తది."