హాట్ బాక్స్‌లో మిగిలిన బకెట్

పొద్దున ఏడుంపావుకు ఆమె హాట్ బాక్స్ తలుపు తీసింది. పై అరలో ఒక బకెట్ ఉంది. ఉండకూడదు.

హాట్ బాక్స్ అంటే మనిషి ఎత్తు స్టీలు అలమర. లోపల యాభై డిగ్రీల వేడి ఉంటుంది. చలికి బిగుసుకునే నూనెలను తూచి, బకెట్లలో పోసి, పల్చబడేదాకా అందులో ఉంచుతారు. తర్వాత పక్క గదిలోని మిక్సర్‌లో కుమ్మరిస్తారు. ఖాళీ బకెట్ కడిగే తొట్టికి పోతుంది. మళ్లీ హాట్ బాక్స్‌కు రాదు.

ఆమె మూత ఎత్తింది. బకెట్ నిండుగా ఉంది. మూత మీద స్కెచ్ పెన్నుతో రాసిన అంకెలు ఆమె చేతిరాతే. బ్యాచ్ 418. ఇరవై కిలోలు. ఆక్టోక్రిలీన్.

ఆ ఫ్యాక్టరీలో సన్‌స్క్రీన్ లోషన్ తయారుచేస్తారు. ఆమెది తూకం గది. పదకొండేళ్లుగా అదే గది. అందరూ ఆమెను తూకాలమ్మ అంటారు. ఇంట్లో ఉప్పు కూడా మూడు దశాంశాల దాకా తూచి వేస్తుందని మిక్సర్ దగ్గర పనిచేసే బాబాయ్ ఊరంతా చెప్పాడు. సొంత బాబాయ్ కాదు. వయసులో పెద్దవాడు కాబట్టి అందరికీ బాబాయే.

ఎండను ఆపేది లోషన్‌లోని ఫిల్టర్లు. ఈ లోషన్‌లో ముఖ్యమైనవి రెండు. ఒకటి అవోబెంజోన్ అనే పొడి. చర్మం లోతుకు దిగే కిరణాలను అది పట్టుకుంటుంది. కానీ పట్టుకుంటూ పట్టుకుంటూ తనే విరిగిపోతుంది. రెండోది ఆక్టోక్రిలీన్. తేనెలా జారే నూనె, ఫ్యాక్టరీలో చిక్కనూనె అంటారు. అది కొన్ని కిరణాలను తనూ ఆపుతుంది, పొడి విరిగిపోకుండా కూడా కాస్తుంది. ఈ నూనె లేని లోషన్ చూడ్డానికి తెల్లగానే ఉంటుంది, వాసన మారదు, ఒంటికి బాగానే పడుతుంది. ఎండలో గంట గడిచేసరికి మాత్రం పెద్దగా ఏమీ మిగలదు.

ఆమె సెల్‌ఫోన్ తీసి బాబాయ్‌కి చేసింది. ఆయనది మధ్యాహ్నం షిఫ్టు.

"బాబాయ్, పడుకున్నావా?"

"ఆఁ, నిద్రలోనే మాట్లాడుతున్నా. చెప్పు తల్లీ."

"మొన్న నాలుగొందల పద్దెనిమిదిలో చిక్కనూనె పోశావా?"

"నేనెందుకు పోస్తాను? మీ షిఫ్టు వాళ్లు పోసేశారుగా."

"ఎవరన్నారు?"

"షీట్ మీద చీటీ అంటించి ఉంది కదమ్మా. చీటీ ఉందంటే పోసినట్టే కదా." ఆయన ఆగాడు. "ఏం, పోయలేదా?"

ఆమె ఫోన్ పెట్టేసింది.

అక్కడి పద్ధతి ఇది. తూచిన ప్రతి బకెట్‌కూ ఒక చీటీ కడతారు. మిక్సర్‌లో పోసినవాడు ఆ చీటీని విప్పి బ్యాచ్ షీట్ మీద అంటించాలి. చీటీయే సాక్ష్యం. కానీ పోసేవాడి గ్లవ్స్ నూనెతో ఉంటాయి. చీటీ తడుస్తుంది, అంకెలు చెరిగిపోతాయి, తనిఖీకి వచ్చినవాళ్లు గొడవ చేస్తారు. బాబాయ్‌కి రెండుసార్లు మెమో ఇచ్చారు. అప్పట్నుంచీ ఆమె తన షిఫ్టు అయిపోయేముందు, తడి లేని చేతులతో, ఆయన చీటీలన్నీ తనే అంటించి పెడుతోంది. అంటించి, ఇంకా పోయనివి ఏవో ఆయనకు నోటితో చెప్పి వెళ్తుంది. ఏడాదిగా ఇదే నడుస్తోంది. మొన్న బస్సు వేళయిందని పరుగెత్తింది. చెప్పలేదు. నిన్న హాట్ బాక్స్ తెరిచే పని పడలేదు.

సూపర్‌వైజర్ గదికి నడిచింది. జరిగింది ఉన్నదున్నట్టు చెప్పింది. అతను మొదట గోడౌన్‌కు ఫోన్ చేశాడు. 418 పెట్టెలు గోడౌన్‌లోనే ఉన్నాయి. ఫిల్టర్ల పరీక్ష ఫలితం రెండు రోజులకు గానీ రాదు, అది వచ్చేదాకా ఏ పెట్టె కూడా బయటికి కదలదు. అతను కుర్చీలో వెనక్కి వాలాడు.

"మార్కెట్‌కు పోలేదు. బతికిపోయాం."

"ట్రేలో ట్యూబులు పోయాయి సార్."

ట్యూబులు నింపే మెషిన్‌లో మొదటి నలభై ట్యూబులు పనికిరావు. అంచు సరిగ్గా అతకదు, బ్యాచ్ నంబరు ముద్ర పడదు. వాటిని గేటు దగ్గర ట్రేలో పోస్తారు. కావలసినవాళ్లు తీసుకుపోతారు. నిన్న పొద్దున 417 నింపారు, మధ్యాహ్నం 418. రెండింటివీ ఒకే ట్రేలో పడ్డాయి.

"తీసుకున్నది మనవాళ్లే కదా," అన్నాడు సూపర్‌వైజర్. "ఒక రోజు ఎండకు కమిలితే కొంపలేం మునగవు. అందరికీ చెప్పి వెనక్కి తెప్పిద్దాం. మీరు ముందు స్టేట్‌మెంట్ రాయండి."

"నేనొకటి తీసుకున్నాను సార్. మా అక్క కూతురికి."

"అయితే?"

"దానికి లూపస్ సార్. ఎండ తగలకూడదు. ఇవాళ స్కూలు వాళ్లు చెరువుకు తీసుకెళ్లారు."

అతను గోడ గడియారం చూశాడు. ఎనిమిదీ ఇరవై.

"స్టేట్‌మెంట్ రెండు నిమిషాల పని. రాసి వెళ్లండి. లేకపోతే రేపు నన్నడుగుతారు."

"వచ్చాక రాస్తాను."

"ఇలా వదిలేసి పోతే వచ్చాక ఏమవుతుందో నేను చెప్పలేను, మరి."

ఆమె తెల్లకోటుతోనే గేటు దాటింది.

అక్క కూతురికి పదకొండేళ్లు. లూపస్‌లో ఒంటిని కాపాడాల్సిన శక్తే ఒంటి మీద తిరగబడుతుంది, ఎండ దాన్ని రెచ్చగొడుతుంది. పగలు కర్టెన్లు వేసుకుని, సాయంత్రం బయటికి వస్తుంది కాబట్టి పిన్ని దాన్ని గుడ్లగూబ అంటుంది. అది పిన్నిని తక్కెడ అంటుంది. క్రితం ఏడాది ఒక మధ్యాహ్నం గోడ పక్కన తాడాట ఆడింది. పదిహేను రోజుల తర్వాత కిడ్నీలు వాచాయి. ఇరవై రెండు రోజులు ఆసుపత్రి. అప్పట్నుంచీ అక్క దాన్ని ఎక్కడికీ పంపలేదు. ఈసారి పట్టుబట్టింది పిన్నే. డాక్టర్‌ను అడిగింది. పొడుగు చేతుల చొక్కా, టోపీ, లోషన్ ఉంటే మధ్యాహ్నం లోపు పరవాలేదన్నారు. అక్క ఒప్పుకోలేదు. "నేను తూచిన లోషనే, దానికంటే గ్యారంటీ ఏం కావాలే?" అంది పిన్ని. అక్క ఒప్పుకుంది. ఇవాళ పిల్లకు తోడుగా అక్కే వెళ్లింది.

బస్సు ఎక్కేలోపు అక్కకు ఏడుసార్లు ఫోన్ చేసింది. మోగుతోంది, ఎత్తడం లేదు. బస్సులో ఇంకో పదకొండుసార్లు చేసింది. స్కూలుకు చేసింది. గుమస్తా ఎత్తాడు. టీచర్ నంబరు ఇచ్చాడు. అదీ మోగింది, ఎవరూ ఎత్తలేదు.

పక్క సీటావిడ కోటు వైపు చూసింది. "నర్సమ్మా? ఏమన్నా ప్రమాదమా?"

"కాదండీ."

"ఒకటే ఫోన్లు చేస్తుంటేనూ, అడిగాను."

ఆమె ఫోన్ కోటు జేబులో పెట్టుకుంది. కిటికీ అవతల ఎండ రోడ్డు మీద పడుతోంది. నిన్నటిదాకా ఎండంటే ఆమెకు గ్రాఫు మీద గీత. ఇప్పుడు ఏ గోడ మీద ఎంత మేర పడిందో చూస్తోంది. షాపుల నీడలు రోడ్డు సగానికి ఉన్నాయి. తర్వాత పావుకే ఉన్నాయి. బస్సు ఒక రైల్వే గేటు దగ్గర పన్నెండు నిమిషాలు ఆగింది. ట్రేలో నలభై ట్యూబులు 417వి, నలభై 418వి. సగానికి సగం. తను చెయ్యి పెట్టి తీసింది ట్రే పైనుంచా, అడుగునుంచా? పైనుంచే. మధ్యాహ్నం నింపినవి పైన పడతాయి.

చెరువు దగ్గర దిగేసరికి పదీ నలభై.

పిల్లలు మోకాళ్ల లోతు నీళ్లలో ఉన్నారు. వలబుట్టలతో పురుగుల్ని పట్టి సీసాల్లో వేస్తున్నారు. అందరికంటే లోపలికి వెళ్లినది గుడ్లగూబే. టోపీ వీపు మీద వేలాడుతోంది. చొక్కా చేతులు మోచేతుల పైదాకా మడిచి ఉన్నాయి. నీళ్ల మీది వెలుగు దాని గడ్డం కింద ఆడుతోంది.

ఆమె చెప్పులతోనే నీళ్లలోకి దిగింది. కోటు విప్పి పిల్ల తల మీదుగా కప్పింది.

"పిన్నీ! ఏంటిది? వదులు!"

"పద. బస్సులోకి పద."

"నేను ఇప్పుడే ఒకటి పట్టాను! చూడు, దీనికి తెడ్లున్నాయి!"

"తర్వాత చూస్తా. నడువు."

"అందరూ చూస్తున్నారు పిన్నీ. పరువు తీస్తున్నావు." సీసా చేజారి నీళ్లలో పడింది. పిల్ల ఏడుపు మొదలుపెట్టింది.

అక్క గట్టు మీదనుంచి పరుగెత్తుకొచ్చింది. "ఏంటే ఈ వేషం? డ్యూటీ లేదా?"

"ఫోన్ ఎందుకు ఎత్తవు?"

"నీళ్లలో పడతాయని టీచర్ అందరి ఫోన్లూ సంచిలో వేసి బస్సులో పెట్టింది. అసలేమైంది?"

పిల్లను స్కూలు బస్సు వెనక సీట్లో కూర్చోబెట్టి, కిటికీ తెరలు లాగేదాకా ఆమె మాట్లాడలేదు. తర్వాత కిందికి దిగి బస్సు నీడలో నిలబడి చెప్పింది. బకెట్ గురించి చెప్పింది. చీటీల గురించి చెప్పింది. ట్రే గురించి చెప్పింది. ఎక్కడా ఆగలేదు.

అక్క హ్యాండ్‌బ్యాగ్ తెరిచి ట్యూబు తీసింది. చివర్న నంబరు ఉండాల్సిన చోటు తెల్లగా ఉంది.

"ఎన్నిసార్లు రాశావు?"

"ఎనిమిదింటికి ఒకసారి. తొమ్మిదిన్నరకి ఒకసారి. రెండోసారి ఎక్కువ రాశాను. చేతులు పైకి మడుచుకుంటానని ఏడ్చిందని, మోచేతుల పైదాకా రాశాను." అక్క ట్యూబు చెల్లెలి చేతిలో పెట్టింది. "నువ్వు చెప్పావు కదా అని మడవనిచ్చాను."

ఆమె నంబరు లేని అంచును వేలితో తడిమింది.

"ఇది మంచిదో కాదో ఎప్పుడు తెలుస్తుంది?"

"ల్యాబ్‌లో నూనె ఉందో లేదో మాత్రం చూస్తే చాలు, సాయంత్రానికి."

"ఇక్కడెందుకు నిలబడ్డావు మరి? పో."

నాలుగింటికి ల్యాబ్ మేడమ్ కంప్యూటర్ తెర ఆమె వైపు తిప్పింది. రెండు గీతలు ఉండాల్సిన చోట ఒకటే ఉంది. "నూనె లేదు," అంది మేడమ్. "చుక్క కూడా లేదు. ఇది నాలుగొందల పద్దెనిమిదే." ఆమె స్టేట్‌మెంట్ రాసింది. చీటీలు తానే అంటించానని, నూనె పోయలేదని బాబాయ్‌కి తెలియదని రాసింది. సూపర్‌వైజర్ అది చదివి, విచారణ అయ్యేదాకా రావద్దన్నాడు.

అక్క అప్పటికే పిల్లను డాక్టర్ దగ్గరికి తీసుకెళ్లింది. చర్మం కొంచెం ఎర్రబడింది, అంతే. డాక్టర్ మాత్రల మోతాదు పెంచి, రోజూ ఏమేం చూడాలో కాగితం మీద రాసిచ్చారు. బుగ్గల మీద మచ్చలు. జ్వరం. కళ్ల కింద ఉబ్బు. పొద్దున లేవగానే వేళ్లు బిగుసుకోవడం. ఇవాళ కనబడకపోతే రేపు కనబడవని కాదు, రెండు వారాలు చూడాలన్నారు. వీటిలో ఏది కనబడినా ఆ రోజే తీసుకురావాలన్నారు. ఆలస్యం చేస్తే కిడ్నీలు ఈసారి తట్టుకోకపోవచ్చన్నారు.

అక్కాచెల్లెళ్లవి ఒకే ఇంట్లో పై వాటా, కింది వాటా. అక్క పనికి వెళ్లాక పిల్లను పిన్నే చూసుకోవాలి. ఇంకెవరూ లేరు. అక్క మెట్ల మీద నిలబడి ఆ మాట చెప్పింది. అంతకుమించి మాట్లాడలేదు.

మొదటి రోజు ఏమీ లేదు. రెండో రోజు ఎర్రదనం పోయింది. మూడో రోజు గుడ్లగూబ పిన్నితో మాట్లాడటం మొదలుపెట్టింది.

"ఉద్యోగం ఊడిందా తక్కెడా?"

"ఊగుతోంది."

"మంచిదే. రోజంతా చదరంగం ఆడొచ్చు."

పిన్ని గంటకోసారి దాని ముఖం చూస్తోంది. పాపిట తీస్తున్నట్టు చూస్తోంది, చెంప మీది మెతుకు తుడుస్తున్నట్టు చూస్తోంది. "నాకేం కొమ్ములు మొలవట్లేదులే," అంది పిల్ల. పిన్ని రోజుకు నాలుగుసార్లు జ్వరం చూసి కాగితం మీద రాస్తోంది. నాలుగో రోజు 98.6. ఐదో రోజు 98.8. ఆ రెండు పాయింట్ల గురించి రోజంతా ఆలోచించింది.

ఆరో రోజు పొద్దున అక్క పైన తల దువ్వుకుంటోంది. పిల్ల కిందికి వచ్చి బల్ల దగ్గర కూర్చుంది. పిన్ని పాలు ఇచ్చింది. పిల్ల కప్పు చెవి పట్టుకోలేదు. రెండు అరచేతుల మధ్య కప్పును నొక్కిపట్టి ఎత్తి తాగింది. దించేటప్పుడు కప్పు బల్లకు తగిలి పాలు ఒలికాయి.

"చెయ్యి ఇలా చూపించు."

"ఎందుకు?"

"పిడికిలి పట్టు."

పిల్ల చేతులు బల్ల కిందికి దించింది. "నిద్రలో దాని మీద పడుకున్నాను. తిమ్మిరి, అంతే."

పిన్ని వంగి బల్ల కిందనుంచి కుడిచెయ్యి తీసుకుంది. వేళ్లు సగం దాకా ముడుచుకున్నాయి. అక్కడ ఆగాయి. కణుపుల దగ్గర చర్మం సాగి ఉంది.

"నిన్న కూడా ఇలాగే ఉందా?"

పిల్ల ఒలికిన పాల వైపు చూసింది.

"ఉందా?"

"కొంచెం. తొమ్మిదింటికల్లా పోయింది. ఇవాళ కూడా పోతుంది పిన్నీ, చూడు." గొంతు తగ్గించింది. "అమ్మకు చెప్పకు. చెబితే మళ్లీ ఆసుపత్రిలో పడేస్తారు. ఇంకెప్పుడూ బయటికి పంపరు. అమ్మ నీతో అసలే మాట్లాడట్లేదు. నువ్వు చెప్పకపోతే ఎవరికీ తెలియదు. తొమ్మిదింటిదాకా ఆగు. పోకపోతే అప్పుడు చెప్పు."

పైన దువ్వెన బల్ల మీద పెట్టిన చప్పుడైంది. అక్క ఇంకో ఐదు నిమిషాల్లో బస్సుకు వెళ్లిపోతుంది. ఏడూ యాభై అయింది.

పిన్ని ఆ చెయ్యి వదల్లేదు.

"అక్కా," అని పిలిచింది. పైనుంచి పలుకు రాలేదు. గట్టిగా, వీధిలోకి వినబడేంత గట్టిగా మళ్లీ పిలిచింది. "అక్కా, కిందికి రా. దాని వేళ్లు ముడుచుకోవట్లేదు."