కొత్తగరువులో ఎక్కినవాళ్ళు

కొత్తగరువు హాల్టుకి ఘనమైన చరిత్రే ఉంది. పూర్వం కొల్లేటి చేపల గంపలు ఎక్కించడానికి బండి ఇక్కడ ఆగేదట. తర్వాత చేపలు లారీలెక్కి వెళ్ళిపోయాయి, మనుషులు మిగిలారు. రైల్వే వాళ్ళు గంపలకి ఇచ్చినంత మర్యాద మనుషులకి ఇవ్వలేదు గానీ, ఒక రేకుల షెడ్డు, రెండు సిమెంటు బెంచీలు, ఒక పంపు ఇచ్చారు. పంపులో నీళ్ళు వస్తాయని ఎవరూ హామీ ఇవ్వలేదు. కరోనాకి ముందు బళ్ళు బాగానే ఆగేవి. ఇప్పుడు పొద్దున గూడెం వైపు ఒకటి, ఆ తర్వాత ఏలూరు వైపు ఒకటి, సాయంత్రం మళ్ళీ తిరుగు బళ్ళు. అంతే.

ఆ అంతే కూడా ఇవాళ్టితో తేలిపోతుంది.

పెర్సిస్ ప్లాట్‌ఫారం మీదకొచ్చి చూసింది. ఆవిడ ఏలూరులో ఒక ప్రైవేటు ఆస్పత్రిలో ల్యాబ్ టెక్నీషియన్. హాజరు మిషన్ మీద వేలు పెట్టడం కాస్త ఆలస్యమైతే సగం రోజు జీతం పోతుంది. రోడ్డు మార్గం ఉంది గానీ, చేపల చెరువుల లారీలు తిరిగి తిరిగి అది రోడ్డో చెరువో తెలియని స్థితిలో ఉంది. బస్సులో ఓ వారం ప్రయత్నించి చూసింది. ఆస్పత్రి వాళ్ళు పిలిచి, "అమ్మా, ఇంకోసారి ఇలా అయితే మేం వేరేవాళ్ళని చూసుకుంటాం" అని చాలా మర్యాదగా చెప్పారు. కొత్తగరువులో బండి ఆగడం మానేస్తే ఆవిడ ఉద్యోగం కూడా అక్కడితో ఆగిపోతుంది.

ప్లాట్‌ఫారం మీద ఇద్దరే ఉన్నారు. ఒకాయన టికెట్లమ్మే ఏజెంటు యూసుఫ్. రెండో ఆయన కమర్షియల్ ఇన్‌స్పెక్టర్ హనుమంతరావు గారు. ఏలూరు బండి ఇక్కడ ఎంతమంది ఎక్కుతారో, ఎంతమంది దిగుతారో కళ్ళారా చూసి రాసుకెళ్ళడానికి వచ్చారు. జనం లేకపోతే బళ్ళు ఆపడం మానేస్తారు.

"మనవాళ్ళేరీ యూసుఫ్ గారూ?" అంది పెర్సిస్ గొంతు తగ్గించి.

యూసుఫ్ పట్టాల కేసి చూశాడు. "పొద్దున్నే గూడెం బండెక్కారండి."

"ఎవరు?"

"అందరూనండి."



విషయమేంటంటే, ఏలూరు బండి కొత్తగరువు వచ్చేసరికి కిటకిటలాడుతుంటుంది. అందుకని ఊళ్ళో ఉద్యోగస్తులు ఒక పద్ధతి కనిపెట్టారు. ముందొచ్చే బండెక్కి, ఏలూరుకి ఎదురు దిక్కున ఉన్న గూడెం వెళ్తారు. అక్కడ ఏలూరు బండిలోంచి సగం మంది దిగుతారు. వీళ్ళు ఎక్కి, కిటికీ పక్క సీట్లు పట్టుకుని, దర్జాగా తమ ఊరు మీదుగా ఏలూరు వెళ్తారు. పాసులు మాత్రం కొత్తగరువు నుంచి ఏలూరుకే. గూడెం వెళ్ళిరావడాన్ని వాళ్ళు ప్రయాణం కింద లెక్కెయ్యరు. సీటు కోసం పడే శ్రమ కింద లెక్కేస్తారు. పెర్సిస్‌కి ఇంట్లో పని తెమలదు కాబట్టి ఆవిడ రోజూ తలుపు దగ్గరే నించుని వెళ్తుంది.

నిన్న సాయంత్రం ఈ షెడ్డులోనే మీటింగ్ పెట్టారు. ప్రయాణికుల సంఘం ప్రెసిడెంటు బుచ్చిబాబు గారు, "రేపు అందరూ ఇస్త్రీ బట్టల్లో ప్లాట్‌ఫారం మీద నించోవాలి. ఒక్కరోజు సీటు త్యాగం చెయ్యండి" అన్నారు. అందరూ చప్పట్లు కొట్టారు. ఇంటికెళ్ళాక ప్రతివాళ్ళూ, అంతమంది నించుంటున్నారు కదా, నేనొక్కణ్ణి తగ్గితే ఎవరికి తెలుస్తుంది అనుకున్నారు.

బండొచ్చి ఆగింది.

ప్రతి కిటికీలోనూ కొత్తగరువే. ఇస్త్రీ బట్టలు మాత్రం వేసుకున్నారు. బుచ్చిబాబు గారు ఒళ్ళో బంతిపూల దండ పెట్టుకుని కూర్చున్నారు. ప్లాట్‌ఫారం ఖాళీగా ఉండడం చూసి ఆయన మొహంలో రంగు మారింది. పక్క కిటికీలోంచి ఏలూరులో బట్టల కొట్టున్న రహీమున్నీసా, ఆ పక్క కిటికీలోంచి ప్రసన్నకుమారి టీచరు తొంగి చూసి, ఒకళ్ళనొకళ్ళు చూసుకుని, తలలు లోపలికి లాక్కున్నారు.

"ఎక్కేవాళ్ళు ఒక్కరేనా అమ్మా?" అన్నారు హనుమంతరావు గారు, పెన్ను మూత తీస్తూ.

"ఒక్క నిమిషమండీ. బండి కదలనివ్వకండి."

ఆయన పెర్సిస్ మొహం చూసి ఏమనుకున్నారో, గార్డు వైపు చెయ్యెత్తారు.

పెర్సిస్ కిటికీ దగ్గరికి పరిగెత్తింది. "ఏవండీ బుచ్చిబాబు గారూ, ఇదేంటండీ?"

"దండ గూడెంలో అయితే తాజాగా దొరుకుద్దని వెళ్ళానమ్మా."

"దిగండి. దిగి మళ్ళీ ఎక్కండి."

"దిగితే సీటు?" అంది వెనకనుంచి ప్రసన్నకుమారి. "కర్చీఫ్ వేసినా గూడెం వాళ్ళు తీసి మనకే ఇస్తారు, మీది పడిపోయిందండీ అని."

"నాకు మోకాళ్ళ నొప్పులే తల్లీ" అంది రహీమున్నీసా. "టీచరు గారు దిగుతారులే, కుర్రది."

"నాకూ ఉన్నాయి ఆంటీ నొప్పులు. నేను చెప్పుకోను, అంతే తేడా."

ఇంజన్ హారన్ కొట్టింది. హనుమంతరావు గారు వాచీ చూసుకున్నారు. ఊరు బాగు, పిల్లల చదువులు, ముందుతరాలు లాంటివన్నీ నిన్న మీటింగులో చెప్పేశారు. వాటికి చప్పట్లు కూడా అయిపోయాయి.

"ఆంటీ" అంది నెమ్మదిగా. "వచ్చే నెల నుంచి ఇక్కడ ఏ బండీ ఆగదు. గూడెం వెళ్ళే బండి కూడా. మరి సీటు పట్టుకోడానికి గూడెం ఎలా వెళ్తారు?"

ఇది ఎవరూ ఆలోచించలేదు.

మొదట రహీమున్నీసా లేచింది. మోకాళ్ళు పట్టుకుని, మెట్టు మెట్టుకీ ఒక నిట్టూర్పు విడుస్తూ దిగింది. ఆవిడ వెనక ప్రసన్నకుమారి. ఆ వెనక దండతో బుచ్చిబాబు గారు. తర్వాత బోగీల్లోంచి కొత్తగరువంతా దిగింది. దిగినవాళ్ళు దిగినట్టే వెనక్కి తిరిగి ఎక్కబోయారు.

"ఆగండాగండి" అన్నారు హనుమంతరావు గారు. "ఎక్కేవాళ్ళ సంగతి తర్వాత. ఇప్పుడు దిగారు కదా. టికెట్లు చూపించండి."

అందరూ పాసులు తీశారు.

"ఇవి ఇక్కణ్ణుంచి ఏలూరుకండీ. మీరు దిగింది గూడెం నుంచొచ్చిన బండిలోంచి."

ప్రసన్నకుమారి తన షూస్ కేసి చూసుకుంది.

"దిగలేదంటే బండెక్కిపోండి, నేను ఒక్కరే ఎక్కారని రాసుకుంటాను" అన్నారాయన. "దిగామంటే ఫైన్ కట్టాలి. రసీదు రాస్తాను. దాని మీద మీ ఊరి పేరే పడుతుంది. దిగినవాళ్ళు ఇంతమంది, ఎక్కినవాళ్ళు ఇంతమంది అని రుజువుంటుంది. మీ ఇష్టం."

అందరూ ప్రెసిడెంటు గారి వైపు చూశారు. బుచ్చిబాబు గారు కరెంటాఫీసులో అకౌంటెంటు. పుట్టి బుద్ధెరిగాక ఆయన ఎక్కడా ఫైన్ కట్టలేదు. ఈ మాట ఏ పెళ్ళికెళ్ళినా భోజనాల్లో మూడో బంతి లేచేలోపు చెప్తారు. ఆయన దండ ఈ చేతిలోంచి ఆ చేతిలోకి మార్చుకున్నారు. హారన్ మళ్ళీ మోగింది. పెర్సిస్ వెళ్ళి ఆయన పక్కన నించుంది.

"రాయండి" అన్నారు బుచ్చిబాబు గారు. "కొత్తగరువు అని స్పష్టంగా రాయండి."

ఆయన నిజంగా కట్టారో లేదో కళ్ళారా చూసుకున్నాక, మిగతావాళ్ళు వరసలో నించున్నారు. యూసుఫ్ వరస చక్కబెడుతూ, "తోసుకోకండి, అందరికీ ఫైనుంటుందండి" అని ధైర్యం చెప్పాడు.

రసీదులు రాయడం అయ్యేసరికి సీట్లన్నిట్లో గూడెం వాళ్ళు సర్దుకుని కూర్చున్నారు. ఒకాయన రహీమున్నీసా కిటికీ పక్కన ఇడ్లీ పొట్లం విప్పాడు. హనుమంతరావు గారు ఆఖరి అంకె వేసి, కాగితం మడిచి, "ఇంతమంది ఉన్న చోట హాల్టు ఎత్తెయ్యమని నేను రాయలేనమ్మా. ఉంచమనే రాస్తున్నాను" అని గార్డుకి చెయ్యూపారు. బండి కదిలింది.

కొత్తగరువు మొత్తం నించునే ఉంది. దండ నలిగిపోకుండా బుచ్చిబాబు గారు తలమీదకి ఎత్తి పట్టుకున్నారు. ఇన్‌స్పెక్టరు మెళ్ళో వెయ్యడం ఆయన మర్చిపోయారు, గుర్తుచేసే ధైర్యం ఎవరికీ లేకపోయింది.

"ఏవండీ, కాస్త జరగండి, గాలి రావట్లేదు" అన్నాడు ఇడ్లీ తింటున్నాయన. బుచ్చిబాబు గారు జరిగారు.

పెర్సిస్ ఫోన్ మోగింది. ఆస్పత్రి సూపర్‌వైజరు.

"ఏంటి పెర్సిస్, ఇంకా రాలేదు? సగం రోజు పోయినట్టే. ఎందుకు లేటయింది?"

పెర్సిస్ తలుపు కమ్మీ గట్టిగా పట్టుకుంది. "బండి మా ఊళ్ళో ఆగిందండీ" అంది.