లంగోటి లింగయ్య డైలాగుల బరువు

పొద్దున ఆఫీసుల వేళకు మాదాపూర్‌లో ఏ లిఫ్టు దగ్గర చూసినా ఒకటే తంతు. మెడలో ఐడీ కార్డులు, చెవుల్లో ఇయర్‌ఫోన్లు, కళ్లల్లో ఇంకా వదలని నిద్ర. ఆరోజు ప్రశాంతి ఎక్కిన లిఫ్టు సగం కూడా నిండకముందే కుయ్యోమని మొత్తుకుంది. సెక్యూరిటీ ఆంజనేయులు తలుపుకు చెయ్యి అడ్డం పెట్టి లోపలికి తొంగిచూశాడు.

"ఎవరు డైలాగ్ కొట్టింది? జర దిగుండ్రి."

మూలన నిలబడ్డ వర్షిత చెయ్యెత్తింది. అకౌంట్స్‌లో పనిచేసే బక్కపలచటి పిల్ల. "నేనే అన్నా. హాస్టల్ల పప్పుల పురుగులొచ్చినయని వార్డెన్‌తోని లొల్లైంది."

"ఏ డైలాగ్ మేడం?"

"నా లంగోటి చిన్నదే గని, ముడి గట్టిది."

"అబ్బో, అది చానా బరువు. మెట్లెక్కుండ్రి."

వర్షిత దిగగానే లిఫ్టు నోరు మూసుకుని పైకి కదిలింది. మెట్ల మీద ధన్ ధన్‌మని ఆమె అడుగులు వినిపిస్తుంటే లోపలివాళ్లు ఫోన్లలోంచి తల కూడా ఎత్తలేదు.

'లంగోటి లింగయ్య' సినిమా తెలియనివాళ్లు సైబరాబాద్‌లో ఉన్నారంటే వాళ్లు నిన్ననే బస్సు దిగి ఉండాలి. కుస్తీ సినిమానే, కానీ కడుపుబ్బ నవ్విస్తుంది. గాలొస్తే ఎగిరిపోయేటట్టుండే లింగయ్య ప్రతి కుస్తీలోనూ వెల్లకిలా పడతాడు, పడ్డ ప్రతిసారీ నోట్లోని మట్టి ఊసి ఒక డైలాగ్ చెప్తాడు. "పడుడు నా వంతు, లేపుడు ఈ మట్టి వంతు" అన్నది అందులోదే. సినిమా థియేటర్లు ఖాళీ చేసి ఏండ్లు గడిచాయి, డైలాగులు మాత్రం ఇక్కడే కాపురం పెట్టాయి. మనసులోంచి అంటే చాలు, అన్నవాళ్లు ఆ వేడి చల్లారేదాకా పహిల్వానంత బరువెక్కుతారు. నల్లగండ్ల వైపు పోయే క్యాబుల్లో అలాంటివాళ్లు ఎక్కితే డ్రైవర్లు నడిమధ్యన కూర్చోబెడతారు. ఉత్త నోటిమాటగా అంటే మాత్రం ఏమీ కాదు. కిందటేడు కంపెనీ పండగలో ఓ పెద్దసారు స్టేజీ మీదికి కాటా తెప్పించుకుని, దానిమీద నిలబడి గొంతు చించుకున్నాడు. ముల్లు కదిలితే ఒట్టు! పాపం, అందరూ మర్యాదకు చప్పట్లు కొట్టారు.

ఆ చప్పట్లు కొట్టినవాళ్లలో ప్రశాంతి కూడా ఉంది. ఆ డైలాగులన్నీ తన నాయినవేనని ఆమె ఆఫీసులో ఎవ్వరికీ చెప్పలేదు.

అవును మరి. వాళ్లది పక్కనే ఉన్న ఖానామెట్. చుట్టూ అద్దాల బిల్డింగులు లేచినా వాళ్ల నాయిన పెంటయ్య పహిల్వాన్ కుస్తీలు నేర్పే తన తాలీం వదల్లేదు. రేకుల షెడ్డు, నడుమ ఎర్రమట్టి బరి, గోడకు హనుమంతుని పటం. సినిమా రాసినాయన అప్పట్లో ఆ బరి గట్టున కూర్చుని, పెంటయ్య ఇంట్లో జొన్నరొట్టెలు తిని, శిష్యులను పెంటయ్య తిట్టిన తిట్లు, చెప్పిన మాటలు అన్నీ మోసుకుపోయాడు. సినిమాలో ఎక్కడా పెంటయ్య పేరు పడలేదు. అడగమని ఊళ్లోవాళ్లు ఎగేస్తే, "మాటలేమన్న నా జేబుల సెల్‌ఫోనా, కొట్టేసిన్రని కేసు వెట్టనీకి?" అని నవ్వేశాడు ఆ మహానుభావుడు.

పేరు పడలేదు గానీ మనిషి మాత్రం ఒక సీన్లో కనిపిస్తాడు. లంగోటితో వంగి నిలబడితే లింగయ్య ఆయన వీపెక్కి గుర్రపుస్వారీ చేస్తాడు. ఇంజనీరింగ్ చదివే రోజుల్లో క్లాసు పిల్లలు ఆ బొమ్మ ఆపి ఆపి చూసి దొర్లి దొర్లి నవ్వారు. ఆరోజు నుంచి ప్రశాంతి మీ డాడీ ఏం చేస్తారని ఎవరడిగినా "బిజినెస్" అంటుంది. చిత్రమేమిటంటే, ఊరందరికీ ఎక్కే ఆ బరువు సొంత బిడ్డకు ఎన్నడూ ఎక్కలేదు. ఒంటరిగా ఆ డైలాగులు ఎన్నిసార్లు అని చూసుకుందో! పెంటయ్యకు ఆ సంగతి తెలుసు, కానీ ఎందుకని అడగలేదు.

ఇక ఆఫీసు గొడవకొద్దాం. ప్రశాంతి పని టెస్టింగ్. ఓ దవాఖాన కోసం వాళ్ల టీం యాప్ తయారుచేసింది. ఏ మంచం మీది రోగికి ఏ మందు, ఎంత, ఎప్పుడు ఇవ్వాలో నర్సమ్మలు అందులో చూసి ఇస్తారు. శుక్రవారం అది దవాఖాన చేతికి పోవాలి. బుధవారం ప్రశాంతి దాంట్లో తప్పు పట్టింది. నెట్ పోయి తిరిగొచ్చినప్పుడు, కాసేపు పక్కమంచం రోగి మందు కనిపిస్తోంది.

టీం లీడర్ వినయ్‌ది అనంతపురం. చెడ్డవాడేం కాదు, ఈ యాప్ సమయానికి పోతే మేనేజర్ అవుతాడు, అంతే. "ఏమ్మా ప్రశాంతీ, ఎప్పుడో ఒకసారి నెట్ పోతే దానికి పని ఆపమంటావా? రేపు మీటింగులో అంతా సరిగా ఉందని చెప్పు. వచ్చే నెలలో దాన్ని చూసుకుందాం. కాదంటే నిన్ను ఈ ప్రాజెక్టులో పెట్టుకోలేను" అన్నాడు.

ప్రాజెక్టు లేకుండా ఖాళీగా కూర్చోబెట్టినవాళ్లను కంపెనీ ఎన్నాళ్లుంచుతుందో ప్రశాంతికి తెలియనిది కాదు. ఊరుకుంటే ఏ మంచం మీది మనిషి ప్రాణం మీదికొస్తుందో దేవుడికెరుక. సాయంత్రం ఇంటికి పోకుండా నేరుగా తాలీంకు పోయింది.

పెంటయ్య బరిలో పసుపు, మజ్జిగ చల్లి మట్టి తిరగేస్తున్నాడు. "ఏందే, మొఖం గట్ల వెట్టినవ్?"

చెప్పింది. ఆయన పార పక్కనపెట్టి అంతా విన్నాడు. "అయితే, గా వినయ్ సారు చేతుల మట్టి వెట్టినవా?"

"ఆఫీసుల మట్టేంది నాయినా?"

"కుస్తీకి ముందు ఏం చేస్తం? ఇంత మట్టి తీసి ఎదుటోని చేతులల్ల పెడ్తం. వాని పట్టు జారొద్దని. గట్ల ఇచ్చినంక పట్టుకుంటేనే అది కుస్తీ. రేపు నువ్వు ఏం పట్టు వడ్తవో ఆయనకు ముందుగాల చెప్పు. చెప్పకుండ నలుగుట్ల పడగొడ్తే అది దొంగదెబ్బ."

"చెప్తే ఆయన తయారై వస్తడు. నేనే ఓడిపోత."

"ఓడితే ఓడు. నువ్వు పెంటయ్య బిడ్డవు. ఓడుడుకు భయపడ్తవా?" అని ఆయన మళ్లీ పార అందుకున్నాడు.

మర్నాడు మీటింగుకు ముందే ప్రశాంతి వినయ్ సీటు దగ్గరికి పోయింది. ఫోన్లో నెట్ ఆపి, మళ్లీ పెట్టి చూపించింది. ఒక రోగి పేరు కింద ఇంకో రోగి మందు. "సార్, మీటింగుల నేను ఇదే చెప్త. మీకు తెల్వకుండ చెప్పొద్దని వచ్చిన. మీరేమనాల్నో తయారు కండి."

వినయ్ ముఖం ఎర్రబడింది. "అంటే నువ్వు చెప్తావు, నేను అందరి ముందరా నిలబడాల!"

"అందుకే ఫోన్ మీ దగ్గర పెడ్తున్న సార్. మీరే చూసుకోండి" అని దాన్ని ఆయన చేతిలో పెట్టి వచ్చేసింది.

మీటింగు గదిలో పెద్దమేడం దేవిశ్రీ, గోడమీది తెరలో దవాఖాన హెడ్ నర్సు జయమ్మ. వినయ్ చేతిలో ఇంకా ఆ ఫోన్ ఉంది. దేవిశ్రీ అడగగానే ప్రశాంతి ఉన్నదున్నట్టు చెప్పేసింది. దేవిశ్రీ వినయ్ వైపు తిరిగింది.

"వినయ్ గారూ, శుక్రవారం ఆపేయాల్సినంత పెద్ద సమస్యంటారా అండి?"

పొద్దున్నుంచి కూడబలుక్కున్న జవాబు వినయ్ దగ్గర ఉంది. నోరు తెరిచాడు, చేతిలోని ఫోన్ చూశాడు. తెరలో జయమ్మను చూశాడు. ఆమె వెనక మంచాలు కనిపిస్తున్నాయి. అనంతపురం యాసలోనే అన్నాడు.

"బరువు తూకంలో కాదు బిడ్డా, నిలబడిన చోట ఉంటాది."

అన్నాడో లేదో, కూర్చున్న చక్రాల కుర్చీ కిర్రుమని కిందికి దిగి, ఓ కాలు ఫట్టుమని విరిగింది. ఎవరో బయటికెళ్లి ఇనుప స్టూలు తెచ్చి వేశారు. వినయ్ దానిమీదికి మారి, "శుక్రవారం పోదు మేడమ్. సరిచేసినాకే పోతుంది. నేను దాయమన్నాను, ఈ పాప ఒప్పుకోలేదు. సరిచేసేదాకా తనూ నాతోనే ఉంటుంది" అన్నాడు.

జయమ్మ రెండు చేతులూ జోడించింది. "మా నర్సు పిల్లలు మీ తెర చూసే మందులేస్తారు నాయనా. ముందే చెప్పినారు, చల్లగుండండి."

దేవిశ్రీ విరిగిన కుర్చీని, వినయ్‌ని మార్చి మార్చి చూసింది. బరువును చూశాక ఇంకా వాదించేదేముంది? వారం గడువిచ్చింది. "లింగయ్య సినిమాలో మాట కదండీ అది? ఆ హీరో భలే చెప్తాడు."

"హీరోది కాదు మేడం" అంది ప్రశాంతి.

అందరూ తిరిగి చూశారు. ఆమె లేచి నిలబడింది.

"అది మా నాయిన మాట. లింగయ్య ఎవరి వీపెక్కి కూసుంటడో ఆయనే మా నాయిన. పెంటయ్య పహిల్వాన్, ఖానామెట్ తాలీం. గా సినిమాల ఉన్న మాటలన్నీ ఆయనవే. బరువు తూకంల కాదు బిడ్డా, నిలవడ్డ కాడ ఉంటదని నాకు బుద్ధి తెల్వకముందు నుంచి చెప్పిండు."

చెప్తుండగానే అరికాళ్లలోంచి ఏదో లోపలికెక్కింది. పిక్కలు, నడుము, భుజాలు. బరిలో నిలబడ్డ నాయిన భుజాలెంత బరువుండేవో ఆమెకు ఇప్పుడు తెలిసింది. కళ్ల నీళ్లు బుగ్గల మీదికి జారుతుంటే తుడుచుకోవాలని కూడా తోచలేదు. పాదాల కింద కార్పెట్ మెల్లగా గుంటపడింది. బల్ల మీది నీళ్ల గ్లాసులు ఆమె వైపు జరిగాయి.

అంతలో బల్ల మీది ఫోన్ మోగింది. కిందంతస్తు వాళ్లు. పైన కొత్తగా ఏం పెట్టారండీ, మా సీలింగ్ కిందికి వంగుతోందని లబలబలాడుతున్నారు.

"ఏమీ పెట్టలేదండీ" అంది దేవిశ్రీ. "పెంటయ్య పహిల్వాన్ గారి అమ్మాయి నిలబడింది."