కిటికీలో చెయ్యి

పదకొండు సినిమాలు తీసిన దర్శకుడికి ఒకే ఒక్కటి తీసిన బావమరిది మీద కుళ్లు ఉండకూడదు. ఉంది. దాన్ని దాచుకోవడం కూడా ఆయనకి చేతకాదు పాపం.

పాతికేళ్ల కిందట బావమరిది తన అద్దింట్లో తొమ్మిది రోజుల్లో ఒక దెయ్యం సినిమా చుట్టేశాడు. దెయ్యానికి దుప్పటి, రక్తానికి బీట్‌రూట్ నీళ్లు. వారం తిరక్కుండా హాళ్లలోంచి ఎత్తేశారు. అప్పుడు దర్శకుడు కడుపునిండా జాలిపడ్డాడు.

ఇప్పుడు కుర్రకారు ఏటా ఒక మధ్యాహ్నం హాలు నింపి మరీ దాన్ని చూస్తున్నారు. తన పదకొండూ ఎవరికీ గుర్తులేవు. ఈసారి భార్య పోరు పడలేక దర్శకుడూ వెళ్లాడు.

దుప్పటికి అందరూ నవ్వారు. బీట్‌రూట్‌కి ఈలలు వేశారు. కిటికీ సీను రాగానే హాలంతా బిగుసుకుపోయింది. నాయిక నిద్రపోతోంది, దెయ్యం పక్కగదిలో ఉంది. అయినా కిటికీ అంచు మీదకి ఒక చెయ్యి మెల్లగా పాకి ఆగింది. అది ఎవరిదో సినిమా చివరిదాకా చెప్పదు. దర్శకుడి పక్క సీట్లో అమ్మాయి కాళ్లు పైకి ముడుచుకుంది.

దర్శకుడు ముందుకి వంగి తేరిపార చూశాడు. ఆ చెయ్యి ఆయనదే. ఆ సీను తీసిన రోజు వెక్కిరించడానికి వెళ్తే, మనుషులు చాలక, వెలుతురు లోపలికి పడేలా తెల్ల థర్మకోల్ అట్ట చేతికిచ్చి కిటికీ వెనక కూర్చోబెట్టారు. కాలు తిమ్మిరెక్కి, లేవబోతూ అంచు పట్టుకున్నాడు. మళ్లీ తీయడానికి ఫిల్ము మిగల్లేదు.

ఆట అయ్యాక బావమరిది వేదికెక్కాడు. "సార్, ఆ చెయ్యి ఎవరిది?" అని ఒకమ్మాయి అడిగింది.

దర్శకుడు ఆగలేకపోయాడు. లేచి, "నాదే. అట్ట పట్టుకున్నది నేనే," అన్నాడు.

హాలు గొల్లుమంది. "ప్రతి ఏడూ ఒకరు ఇలాగే లేస్తారు. కూర్చోండి అంకుల్," అన్నారు వెనకనుంచి.

బావమరిది ఆయన కళ్లలోకి చూశాడు. "మా బావ ఆ రోజు రాలేదు. కిటికీ అవతల ఎవరూ లేరు."

కుర్రాళ్లు ఒకరి చెయ్యి ఒకరు గట్టిగా పట్టుకున్నారు. తర్వాత చప్పట్లు ఆగలేదు.

"అంతమందిలో నన్ను అబద్ధాలకోరుని చేశావు కదరా," అన్నాడు దర్శకుడు, బయటికొచ్చాక.

"ఆ చేతికి మనిషి దొరికితే ఇంకెవరూ భయపడరు బావా. పదకొండింటికి పేరేసుకున్నావు. ఇదొక్కటీ వదిలెయ్."

ఇంటికి చేరేదాకా దర్శకుడు ఆ చేతిని జేబులోంచి తీయలేదు. ఇన్నాళ్లూ బావమరిదిని చూసి కుళ్లుకున్నవాడు, ఇప్పుడు తన చేతిని చూసి కూడా కుళ్లుకుంటున్నాడు.