పైన శ్రీ రాసిన ఫైలు

ఒంటిపూట బడులు మొదలయ్యాయి. రఘునందన్ సారు అన్నం తిని, ల్యాప్‌టాప్ పట్టుకుని టీవీ ముందు కూర్చున్నాడు.

పక్కన టీవీకి తగిలించి ఆడుకునే పాత గేమ్ డబ్బా. అందులో బంతి దొర్లించి పిన్నులు పడగొట్టే బౌలింగ్ ఆటంటే అతని తల్లి మంగవ్వకు ప్రాణం. నేర్పింది కోడలు, రఘునందన్ భార్య పూర్ణిమ. ఆటలో పూర్ణిమ తన పోలికతో ఒక బొమ్మ కూడా చేసుకుంది. ఆ డబ్బాలో బొట్టు దొరకదు కాబట్టి పుట్టుమచ్చను తెచ్చి నుదుట పెట్టింది.

వానాకాలంలో పూర్ణిమ పోయింది. కొన్నాళ్లకే డబ్బా డిస్కులు చదవడం మానేసింది. ఆ బొమ్మను ఒక్కసారి చూపించరా అని మంగవ్వ అప్పటినుంచీ అడుగుతూనే ఉంది.

బడిలో కంప్యూటర్లు చూసే మహేశ్ ఆటను పెన్‌డ్రైవ్‌కు ఎక్కించి, డిస్కు లేకుండా నడిపే యాప్ ఒకటి డబ్బాలో పెట్టిచ్చాడు. ఆట ఎక్కడుందో యాప్‌కు చెప్పే సెట్టింగుల ఫైలు మాత్రం రాసుకోమన్నాడు. లెసన్ ప్లాన్లు రాసే చేతికి నాలుగు వరుసలొక లెక్కా అన్నాడు.

రఘునందన్ రాశాడు. పెన్‌డ్రైవ్ పెట్టాడు. మొదటి వరుస అర్థం కాలేదని టీవీలో ఇంగ్లిషులో వచ్చింది. ఫైల్లో రాసిన ఆట దారి సరిచూసి మళ్లీ పెట్టాడు. మళ్లీ అదే.

పసుపు కొమ్ములు ఏరుతున్న మంగవ్వ గుమ్మంలోంచే అంది.

“పిల్లలు తప్పితే గోడకుర్చీ ఏపిస్తవు. నీకెవరు ఏపియ్యాలెరా?”

అప్పుడు చూశాడు. అన్నిటికన్నా పైన శ్రీ ఉంది. ప్రశ్నపత్రమైనా, సరుకుల చీటీ అయినా శ్రీ లేకుండా పూర్ణిమ మొదలుపెట్టనిచ్చేది కాదు. చెయ్యి దానంతట అదే రాసేసింది.

“శ్రీ తీసెయ్యాలె అవ్వా. మిషన్‌కు తెలుస్తలేదు.”

“తియ్యకు,” అంది మంగవ్వ. “గా పిల్ల ఊకోదు.”

అతనికీ చెయ్యి రాలేదు. యాప్‌తో వచ్చిన నమూనా ఫైలు తెరిచి నింపాదిగా చదివాడు. ముందు # అనే గళ్ల గుర్తు పెట్టిన వరుసను యంత్రం దాటిపోతుందట. అది మనుషులు చదువుకోవడానికట. శ్రీని చెరపకుండా దాని ముందు ఆ గుర్తు పెట్టాడు.

ఆట తెరుచుకుంది. వరుసగా నిలబడ్డ బొమ్మల్లో, నుదుట పుట్టుమచ్చతో పూర్ణిమ.

రఘునందన్ టీవీ వెనక్కి వెళ్లి, సరిగానే ఉన్న వైర్లను సర్దాడు. మంగవ్వ చేతుల పసుపు కడుక్కుని, కొంగు దోపి రిమోట్ అందుకుంది.

“జర జరుగు పిల్లా,” అంది టీవీతో. “ఇయ్యాల నేనే గెలుస్త.”

మొదటి బంతే పక్క కాలువలో పడింది.

“నవ్వుతున్నది సూడురా,” అంది.