కాలరు మైకు

"ఏమే, ఇంకో దఫా కాఫీలు పంపు" అని హాల్లోంచి కేకేశాడు ఢిల్లీబాబు. కస్తూరి పాలగిన్నె మళ్లీ పొయ్యి మీద పెట్టింది. ఆయన తీసిన సినిమా వెనక సంగతులన్నీ టీవీలో సిరీసుగా వేస్తారట. తిరుపతిలోని వాళ్లింటికే కెమెరాలు వచ్చి పొద్దుటి నుంచీ కూర్చున్నాయి. ఆమె మాత్రం వంటింట్లోనే ఉంది. "నువ్వు ఫ్రేములోకి రావద్దు, బాగుండదు" అని నిన్ననే చెప్పేశాడాయన.

బాగుండదట! ఆ కథ ఆమెది. నగరిలో మరమగ్గం నడిపిన తన తల్లి నాగరత్నమ్మ కథ. బిడ్డకు పాలిస్తూ ఒక సీను, పప్పు ఉడుకుతుండగా ఇంకో సీను, అట్లా ఏళ్ల తరబడి రాసింది. తెర మీద మాత్రం కథ, మాటలు, దర్శకత్వం అన్నీ ఢిల్లీబాబు. అదేమని అడిగితే "మొగుడూ పెళ్లాల మధ్య నీదేంది, నాదేందే?" అని నవ్వేశాడు. ఎంగిలి కంచాలు తీసే దగ్గర మాత్రం ఆ మాట గుర్తుకు రాదు మహానుభావుడికి. అయినా నోరు కట్టేసుకుంది. అరిస్తే గయ్యాళి అంటారు, పైగా సాక్ష్యం ఎవరు చెబుతారు?

కాఫీల వంకతో ఆయనే వంటింట్లోకి వచ్చి గొంతు తగ్గించాడు.

"ఆ తల్లి జడ కోసుకునే సీను ఎట్ల తట్టిందని అడుగుతా ఉండారే. యాడిది అది?"

చెప్పబోయి ఆగింది కస్తూరి. ఆయన కాలరుకు చిన్న మైకు అట్లాగే ఉంది. నడుముకు తగిలించిన పెట్టెలో పచ్చదీపం వెలుగుతోంది. ఈయన గుసగుసలాడినా హాల్లో హెడ్‌ఫోన్లు పెట్టుకున్న అమ్మాయికి వినిపిస్తుంది, అక్కడ రికార్డవుతుంది. మంచి ఇల్లాలైతే మైకు సంగతి వెంటనే చెప్పాలి. ఆమె చెప్పలేదు. పెళ్లయ్యాక ఇంత సంతోషం ఆమెకు ఎప్పుడూ కలగలేదు.

"మా అమ్మ జడ మగ్గం బెల్టులో చిక్కుకుంటే, కత్తెరతో కోసేసుకుని నేత ముగించింది. రాసిచ్చినప్పుడు సదవలేదా?"

"సదివినా. మర్సిపోయినా."

"మిగతా సీన్లన్నా గుర్తుండాయా? అవీ నేను రాసినవే కదా?"

"అన్నీ నువ్వే రాసినావు లేమ్మే. అయితే ఏంది? వంటింట్లో అనుకునే మాట బయట ఎవురికి తెలుస్తాది?"

హాల్లో మాటలు టక్కున ఆగిపోయాయి. ఆయన గమనించలేదు. కస్తూరి ట్రే ఆయన చేతిలో పెట్టి, చొక్కా సర్దుతున్నట్టు దగ్గరికి వంగి, ఒక్కో మాటా విడివిడిగా పలికింది.

"రాసింది కస్తూరి. నగరి నాగరత్నమ్మ కూతురు."

"నాకు తెలీదా ఏంది?" అని విసుక్కున్నాడాయన.

"చెప్పింది మీకు కాదు" అంది కస్తూరి.