గట్టు మీంచి చూసిన మనిషి

పంచె అంచుకు ఇనప క్లిప్పు బిగించి లక్ష్మణరావు సైకిలెక్కాడు. నలభై ఎనిమిదేళ్ల మనిషి. బక్క భుజాలు, సిరా మరక వదలని చూపుడువేలు. టెక్కలి నుంచి పత్రికకు వార్తలు పంపడం మొదలుపెట్టి ఇరవయ్యేళ్లు. తుఫానులు, బస్సు ప్రమాదాలు, పశువుల సంతలు అన్నీ రాశాడు. ఏ వార్త కిందా అతని పేరు పడలేదు. ఈసారి వేస్తామని ఎడిటరు ఉత్తరం రాశాడు.

అది అరవై ఎనిమిది వేసవి. నౌపడ ఉప్పుమడుల పక్కన కూలీల ప్రార్థనపాక కాలిపోయి నాలుగు రోజులైంది. కాల్చింది జోగయ్య దండు. వేరే దేవుణ్ణి కొలిచేవాళ్లు ఊళ్లో ఉండకూడదని వాళ్ల శాసనం. కళ్లారా చూసింది ఉప్పుమడుల కూలీ నారాయణమ్మ. ఉప్పునీళ్లకు పగిలిన పాదాలు రుద్దుకుంటూ నిన్న లక్ష్మణరావుకు జరిగిందంతా చెప్పింది.

"నా పేరు మాత్రం రాయకు బాబూ. ఈ గూడు ఒగ్గీసి నానెక్కడికెల్తాను?"

రాయనని మాటిచ్చాడు.

ఇవాళ జోగయ్య వంతు. నింద పడ్డవాడి మాట కూడా వినాలన్నది లక్ష్మణరావు నియమం.

జోగయ్య అరుగు మీద తమలపాకులకు ఈనెలు తీస్తున్నాడు. "రా, విలేకరి బాబూ! పోటో తీస్తావేటి? మీసం దువ్వుకోనా?" అని నవ్వి మజ్జిగ ఇప్పించాడు. చల్లగా ఉంది. తాగాడు.

"పాక నీ మనుషులే కాల్చారంటున్నారు."

"గాలికి అంటుకున్నాది. ఎవులు సూసినారేటి? ఇరవయ్యేళ్లూ ఇలాగే పుట్టించి రాసినావా?"

ఆ మాట గుచ్చుకుంది. "పుట్టించడం నాకు చేతకాదు. తెల్లారకముందు మడులకు నీళ్లు వదలడానికి వెళ్లినవాళ్లు గట్టు మీంచి చూశారు."

జోగయ్య చేతిలో ఆకు ఆగింది. "మంచిది బాబూ. ఇంకో గలాసు తాగు," అన్నాడు మెత్తగా.

నౌపడ స్టేషను బల్ల మీద కూర్చుని వార్త రాస్తుంటే కలం ఆగింది. ఆ పక్క మడులకు తెల్లారకముందు నీళ్లు వదిలేది నారాయణమ్మ ఒక్కతే. పేరు దాచాడు, మనిషిని అప్పజెప్పాడు. అయినా టపా వెళ్లే బండి రాబోతోంది. మిగతా నాలుగు వాక్యాలూ రాశాడు. కింద తన పేరు రాశాడు. కవరు డబ్బాలో వేశాకే సైకిలు వెనక్కు తిప్పాడు.

నారాయణమ్మ ఇంటి తలుపు బార్లా తెరిచి ఉంది. పక్కింటి అసిరమ్మ చీపురు పట్టుకుని నిలబడింది.

"నలుగురొచ్చినారు బాబూ. కొట్టనేదు, తిట్టనేదు. గుమ్మంలో కూకుని, ఊరొగ్గీసి ఎల్లడానికి నీ బండెప్పుడని అడిగినారంతే. మూట సంకనెట్టుకుని ఎలిపోనాది."

"ఎక్కడికి?"

"నాకేటెరిక? విలేకరి బాబే సెప్పినాడని ఆల్లన్నారు. ఆయమ్మ నమ్మనేదు. ఆ బాబు నాకు మాటిచ్చినాడు, అన్నాది."

లక్ష్మణరావు చూరు కింద వంగి లోపలికి చూశాడు. మూలన కుదురు మీద, ఏళ్ల తరబడి ఖాళీ చెయ్యకుండా పూటపూటా గంజి పోసి పులియబెడుతూ వచ్చిన తరవాణి కుండ. మూతికి గుడ్డ కట్టి ఉంది. ఈ పూట పోసిన గంజి చార అంచు మీద ఇంకా ఆరలేదు.